దొంగ అనడు, అసలు అనడు: కందుకూరులో ఒక దస్తావేజు లేఖరి దుకాణం

కందుకూరు సబ్‌రిజిస్ట్రారు కార్యాలయం చుట్టుపక్కల క్రయదస్తావేజు రాయించుకోవాలంటే ఏ దుకాణానికి వెళ్లినా పెద్ద తేడా ఉండదు. అందరి దగ్గరా అదే నమూనా. పేర్లు, సర్వే నంబర్లు, హద్దులు మార్చి ప్రింటు తీసి ఇస్తారు. కానీ తగాదాలో ఉన్న పాత కాగితంలో ఏముందో, ఎవరి కొమ్మూ కాయకుండా రాసిపెట్టే మనిషి కావాలంటే నాకు తెలిసింది ఒక్క దుకాణమే. పామూరు రోడ్డు వైపు సందులో, వరండాలో జిరాక్సు మిషను పెట్టుకున్నది. పెద్దాయన రాస్తారు, కూతురు కంప్యూటర్ మీద కొడుతుంది. తన పేరు ఎక్కడా వేయవద్దని ఆయనే అన్నారు కాబట్టి వేయడం లేదు. సందులో ఎవరిని అడిగినా చూపిస్తారు.

ముందుగా నేను ఎవరి పక్షమో చెప్పేస్తాను. నేను పొగాకు రైతును. మా నాయనమ్మ పేరిట 11-3-1968 తేదీతో ఒక కాగితం ఉంది. పైన ‘వీలునామా’ అని రాసి ఉంది. దాని ప్రకారం కందుకూరులోని పాత ఇంటి స్థలం 40 అంకణాలూ మా పెదనాన్నకే చెందుతాయి. మా నాన్న పేరు అందులో ఒక్కచోట కూడా లేదు. నాన్న పోయేంతవరకు ఆ కాగితం మాట ఎవరి నోటా రాలేదు. కర్మకాండలు అయిన తరువాతే పెదనాన్న కొడుకు, అంటే మా అన్నయ్య, బయటికి తీశాడు. అది దొంగ కాగితమని నా నమ్మకం. లేఖరిగారి దగ్గరికి వెళ్లకముందు అదే నమ్మకం, ఇప్పటికీ అదే.

మొదట వేరే చోట టైపు చేయించాను. ఎక్కడన్నది అనవసరం. అక్కడి కుర్రవాడు నేను చెప్పినదానికంటే నాలుగు ఆకులు ఎక్కువే చదివాడు. ‘దురుద్దేశపూర్వకంగా, కుట్రపూరితంగా, మోసపూరితంగా సృష్టించిన నకిలీ పత్రం’ అని మొదలుపెట్టి మూడు పేజీలు నింపాడు. చదువుతుంటే నాకు కడుపు నిండింది. అన్నయ్య కూడా ఊరుకోలేదు, ‘పుణ్యాత్మురాలైన మా నాయనమ్మ తన చివరి కోరికగా’ అంటూ ఆయన మూడు పేజీలు కొట్టించుకొచ్చాడు. పెద్దలు రెండూ చదివారు. కాగితంలో ఎన్ని పంక్తులు ఉన్నాయి, సాక్షులు ఎవరు, దిద్దుబాటు ఎక్కడ ఉంది అని అడిగితే మా ఆరు పేజీల్లో ఎక్కడా లేదు. రెండూ వెనక్కి ఇచ్చేశారు. ముందు కాగితంలో ఏముందో ఇద్దరూ ఒప్పుకునేలా ఒకచోట రాయించుకురండి, అది దొంగదో దొరదో తరువాత మాట్లాడదాం అన్నారు. అప్పుడే ఒకాయన ఈ దుకాణం పేరు చెప్పారు.

అసలు కాగితం అన్నయ్య దగ్గర ఉంది కాబట్టి ఇద్దరమూ కలిసి వెళ్లాల్సి వచ్చింది. ఒకే బల్ల మీద కూర్చున్నాం, మధ్యలో సంచి. పెద్దాయన అడిగిన మొదటి ప్రశ్న: “అసలు ఉందా, ఫోనులో ఫోటోనా?” ఫోటో అయితే ఆయన పని ముట్టుకోరు. మడత దగ్గర అక్షరం అరిగిపోయిందో, మొదటి నుంచే లేదో ఫోటోలో తెలియదట. కాగితాన్ని గాజుపలక మీద పరిచి, ట్యూబులైటు కిందికి జరిపి, భూతద్దం పట్టుకుని పంక్తులు లెక్కపెట్టడం మొదలుపెట్టారు. మేమిద్దరం చెప్పుకోవాలనుకున్నది ఒక్కటీ అడగలేదు. చెప్పబోతే “ఆగు నాయనా, కాగితం సంగతి కానీ” అన్నారు. చాలాసేపటి తరువాత ఆయన చేతిరాతలో తయారైంది ఇది:

“రూళ్ల అరఠావు కాగితం. నాలుగు మడతలు. మొత్తం 23 పంక్తులు, నీలి సిరా. మూడో మడత దగ్గర చినుగు. వెనుక తెల్లకాగితం అంటించి ఉంది. పదకొండో పంక్తిలో ఒక మాట గీకి, దాని మీద ‘పెద్దవాడికి’ అని రాసి ఉంది. ఆ మాట సిరా మిగతా సిరా కంటే నల్లగా కనిపిస్తోంది. దాని పక్కన సంతకం గాని వేలిముద్ర గాని లేదు. చివర ఒక వేలిముద్ర, దాని కింద నాయనమ్మ పేరు. సాక్షుల చోట రెండు పేర్లు: ఒకటి సంతకం, ఒకటి నిశానీ. రాసినవారి పేరు విడిగా ఉంది.”

చదివి వినిపించాక నేను అడిగాను, ట్యాంపరింగ్ చేశారని ఎందుకు రాయలేదని. ఎవరు గీకారో, ఎప్పుడు గీకారో కాగితం చెప్పదు కదా అన్నారు. రాసేవాడే తప్పు పోయి అప్పుడే దిద్దుకుని ఉండవచ్చు, నిన్న రాత్రి ఎవరో దిద్ది ఉండవచ్చు. తనకు కనిపించింది గీత, సిరా రంగు, పక్కన సంతకం లేకపోవడం. అంతవరకే తన పని అన్నారు. అన్నయ్య ముఖంలో కొంచెం వెలుగు వచ్చింది. ఆ వెలుగు ఎంతోసేపు నిలవలేదు. సిరా రంగు ముక్క తీసేయమని ఆయన అడిగితే, “కనిపిస్తున్నదే కదా నాయనా, నువ్వూ చూడు” అంటూ భూతద్దం చేతికిచ్చారు.

మా వేలం కేంద్రంలో పొగాకు బేలును చూసేవాడు రైతు మంచివాడా చెడ్డవాడా అని చూడడు. రంగు, మందం, మచ్చ చూసి గ్రేడు రాస్తాడు. పెద్దాయన పని నాకు అలా అనిపించింది. ఒక తేడా ఉంది. గ్రేడు రాసేవాడు చివరికి ఇది ఎక్కువ అది తక్కువ అని తేలుస్తాడు, ఈయన అది కూడా చేయడు.

అసలు గొడవ శీర్షిక దగ్గర వచ్చింది. ఆ కాగితాన్ని ఏమని పిలవాలి? వీలునామా అని రాస్తే అది వీలునామాయే అని నేను ఒప్పుకున్నట్టు. ‘వీలునామా అనబడే’ అని రాయమన్నాను. అన్నయ్య లేచి నిలబడ్డాడు. ఆయన కోపం సబబే. ఆ ‘అనబడే’లో ఒక వెక్కిరింపు ఉంటుంది, అది నాకు తెలుసు, అందుకే అడిగాను. పెద్దాయన రెండూ పక్కన పెట్టి, ‘పైభాగాన వీలునామా అని రాసి ఉన్న, 11-3-1968 తేదీ గల కాగితం’ అని మొదటిసారి పూర్తిగా రాశారు. ఆ తరువాత మూడు పేజీల్లోనూ ‘ఈ కాగితం’ అనే మాటే వాడారు. అన్నయ్య కూర్చున్నాడు. నాకు తృప్తి లేదు గాని అభ్యంతరం చెప్పడానికి కూడా ఏమీ దొరకలేదు.

రిజిస్టరు కాలేదన్న సంగతి మొదటి పంక్తిలో పెట్టమని కూడా నేను పట్టుబట్టాను. నిజమే కదా, నిజం రాయడానికేమి? ఆయన దాన్ని తీసుకెళ్లి కొలతలు, సిరా, మడతలు ఉన్న పేరాలో ఒక వాక్యంగా వేశారు. వీలునామాకు రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు. చేయించుకుంటే మంచిదే, చేయించకపోయినంత మాత్రాన చెల్లకుండా పోదు. ఆ సంగతి ఆయనకూ తెలుసు, నాకూ తెలుసు. మొదటి పంక్తిలో ఉంటే చదివేవాడికి అదేదో పెద్ద లోపంలా తగులుతుంది. నేను కోరుకున్నదీ అదే. అబద్ధం ఒక్కటి లేకుండా కూడా కాగితాన్ని ఒక పక్కకు వంచవచ్చు, ఏ నిజం ఎక్కడ పెట్టామన్నదాన్ని బట్టి. ఈ కిటుకు పట్టుకోగల లేఖరిని నేను ఇదివరకు చూడలేదు.

ఇక జిల్లా సంగతి. ఇక్కడ నాకు నిజంగా మండింది. కాగితం పైన ‘నెల్లూరు జిల్లా, కందుకూరు తాలూకా’ అని ఉంది. మేము పుట్టి బుద్ధెరిగి ప్రకాశం జిల్లా వాళ్లం, పాతకాలపు కాగితంలో నెల్లూరు ఎలా వచ్చింది, అదే దొంగతనానికి రుజువు అని మా మేనల్లుడు ఊరంతా చెప్పుకొచ్చాడు. పెద్దాయన ఒక్క మాటా అనకుండా రాశారు: “శీర్షికలో నెల్లూరు జిల్లా అని ఉంది. 1970 ఫిబ్రవరి 2న ఒంగోలు జిల్లా ఏర్పడేవరకు కందుకూరు తాలూకా నెల్లూరు జిల్లాలో ఉండేది. ఆ జిల్లాకు 1972లో ప్రకాశం అని పేరు మార్చారు. 2022 ఏప్రిల్ 4న కందుకూరు మళ్లీ నెల్లూరు జిల్లాలో చేరింది.” మొదటి మూడు వాక్యాలు నా పక్షానికి దెబ్బ. నాలుగోది చదివి అన్నయ్య గొణిగాడు, ఎందుకంటే 2022 తరువాత కూర్చుని రాసి ఉన్నా నెల్లూరు అనే వచ్చేది. ఇద్దరికీ చెరొక వాత పెట్టాలని ఆయన రాసినట్టు నాకు అనిపించలేదు. తారీఖులు మూడు ఉంటే మూడూ వేశారు, అంతే. మధ్యేమార్గంగా ఉండాలని జిల్లా సంగతి మొత్తం వదిలేసి ఉంటే మేనల్లుడి మాట అలాగే ఊరి మీద తిరుగుతూ ఉండేది.

తేదీలో ఉన్న మెలిక కూడా ఆయన కంటికే దొరికింది, మాకెవరికీ తట్టలేదు. ఇంగ్లీషు తేదీ 11-3-1968. పక్కనే ‘కీలక నామ సంవత్సరం’ అని ఉంది. పెద్దాయన అలమరలోంచి నూరేళ్ల పంచాంగం తీసి చూశారు. ఆ ఏడాది ఉగాది మార్చి నెలాఖరులో వచ్చింది. మార్చి 11 నాటికి ఇంకా ప్లవంగ నడుస్తోంది. నేను బల్ల మీద నుంచి లేచినంత పని చేశాను. కాని ఆయన రాసింది మూడు వాక్యాలే: ఇంగ్లీషు తేదీ ఇది, తెలుగు సంవత్సరం ఇది, పంచాంగం ప్రకారం ఆ తేదీన ప్లవంగ. ‘పొంతన లేదు’ అన్న మాట కూడా వాడలేదు. ఉగాది దగ్గరపడే రోజుల్లో రాసేవాడు రాబోయే సంవత్సరం పేరు వేసేశాడని అన్నయ్య వాదన. అది మూడో పేజీలో, మా ఇద్దరి వాదనలకు విడివిడిగా ఉంచిన భాగాల్లో, అన్నయ్య చెప్పేదిగా వచ్చింది.

అంకణాల సంగతి చిన్నదే అయినా చెప్పాలి. నెల్లూరు వైపు అంకణమంటే 72 చదరపు అడుగులు, తిరుపతి వైపు 36. కాగితంలో 40 అంకణాలు అని మాత్రమే ఉంది. అమ్మాయి కంప్యూటర్‌లో 2,880 చదరపు అడుగులు అని కొట్టేసింది. పెద్దాయన ఆపి, కాగితంలో ఉన్నది ఉన్నట్టు ఉంచి, అంకణానికి 72 అయితే ఇంత, 36 అయితే 1,440 అని కింద రెండూ వేయించారు. మా ఇద్దరిలో ఎవరికీ 36 అన్న ఆలోచనే లేదు, కందుకూరులో ఎవరు ఒప్పుకుంటారు? ఇది నాకు చాదస్తంగానే తోచింది. అయినా నాయనమ్మ పుట్టిల్లు తిరుపతి వైపే కాబట్టి నోరు మూసుకున్నాను.

చినుగు దగ్గర ముందు భాగం పోయిన మాట ఒకటి ఉంది. చివర ‘హక్కులతో’ అని మాత్రం కనిపిస్తుంది. అన్నయ్య దాన్ని ‘సర్వహక్కులతో’ అని చదువుతాడు. నేను ‘అనుభవహక్కులతో’ అని చదువుతాను, అంటే ఉన్నన్నాళ్లు ఉండే హక్కే తప్ప అమ్ముకునే హక్కు కాదని. మొదటి పేజీలో ఆయన రెండూ వేయలేదు, ‘ముందు భాగం చదవడానికి వీలు కాలేదు’ అని రాశారు. మా రెండు చదువుళ్లు మా మా భాగాల్లోకి వెళ్లాయి.

లోపాలు లేవా అంటే ఉన్నాయి, అవీ చెప్పాలి. మొదటి ప్రింటులో అన్నయ్య మాటలన్నీ ‘వివరించారు’, ‘తెలియజేశారు’ అని ఉన్నాయి. నావన్నీ ‘ఆరోపించారు’. కాగితం చేతిలో ఉన్నవాడు వివరిస్తాడు, లేనివాడు ఆరోపిస్తాడు కాబోలు! అమ్మాయిని అడిగితే, “బాబాయ్ గారూ, వాడుకలో అలా వచ్చేస్తుంది” అంది. పెద్దాయన కళ్లజోడు సవరించుకుని చదివి, రెండు వైపులా ‘చెబుతున్నారు’ అని మార్పించారు. అడిగితే మారుస్తారు, సరే. అడగకపోతే? అంత భూతద్దం పెట్టి పంక్తులు లెక్కపెట్టిన మనిషి తన సొంత క్రియలను ఒకసారి భూతద్దం కింద పెట్టుకోవద్దా?

ఇంకొకటి. అప్పటికే నాయనమ్మకు చూపు తగ్గిందన్నది మా వాదన. దాన్ని ‘కొందరు బంధువుల అభిప్రాయం ప్రకారం’ అని రాశారు. ఎవరా కొందరు? ఆ మాట అన్నది మా మేనత్త, ఇంకా బతికే ఉంది, మనిషి గట్టిగానే ఉంది. “మేనత్త అని వేస్తే ఆమె వచ్చి చెబుతుందా?” అని అడిగారు. చెబుతుందన్నాను. అయితే మేనత్త అనే వేద్దాం అన్నారు. మెత్తగా ఉంటుందని వేసిన ఆ ‘కొందరు’ నిజానికి ఎవరికీ న్యాయం చేయదు. మేనత్త మాటకు ఉన్న బరువు పోతుంది, ఆమెను ఎదురు ప్రశ్న అడిగే దారి అన్నయ్యకు మూసుకుపోతుంది.

మూడోది ఇప్పటికీ నాకు మింగుడు పడలేదు. ఇద్దరికీ చెరి తొమ్మిది పంక్తులు ఇచ్చారు. అన్నయ్యకు చెప్పుకోవడానికి ఉన్నవి మూడు సంగతులు, నాకు ఉన్నవి ఏడు. ఆయన మూడూ హాయిగా కాళ్లు చాపుకుని కూర్చున్నాయి, నా ఏడూ ఆర్టీసీ బస్సులో పండగ నాటి ప్రయాణికుల్లా ఒకదాని మీద ఒకటి. అడిగితే, ఒకరిది ఎక్కువ కనిపిస్తే రెండోవారు సంతకం పెట్టకుండా లేచిపోతారని ఆయన అనుభవం చెప్పారు. కావచ్చు. కాని మొదటి పేజీలో కాగితం ఎంత చెబితే అంత రాసిన మనిషి, మూడో పేజీకి వచ్చేసరికి స్కేలు పెట్టి సమానం చేయడమేమిటి? పంక్తులు సమానమైతే సంగతులు సమానమైపోతాయా? ఈ విషయంలో ఆయన నన్ను ఒప్పించలేదు, నేను ఆయనను ఒప్పించలేదు. నేను ఇచ్చే మార్కుల్లో ఐదుకు ఒకటి తగ్గింది దీనికే.

ఆ మూడు పేజీలూ మా వకీలుకు చూపించాను. మొదట టైపు చేయించిన కుట్రపూరితాల కట్ట కూడా ఆయన దగ్గర ఉంది, దాన్ని తెరవలేదు. ఇందులో మాత్రం ‘దాని పక్కన సంతకం గాని వేలిముద్ర గాని లేదు’ అన్న వాక్యం కింద పెన్సిలుతో గీత గీశారు. 1925 నాటి భారత వారసత్వ చట్టం 63వ సెక్షను ప్రకారం వీలునామాకు కనీసం ఇద్దరు సాక్షులు ఉండాలి. 71వ సెక్షను ప్రకారం, రాసి ముగించాక చేసిన దిద్దుబాటుకు కూడా సంతకం, సాక్షులు కావాలి. ముప్ఫై ఏళ్లు దాటిన కాగితాన్ని అసలుదేనని కోర్టు భావించే వెసులుబాటు వీలునామాకు వర్తించదని 2008లో సుప్రీంకోర్టు చెప్పిందట. ఇవన్నీ లేఖరిగారి మూడు పేజీల్లో లేవు, అడిగినా రాయలేదు. “అది వకీలు పని, నాకు ఆ చొక్కా లేదు” అన్నారు. రాసి ఉంటే అన్నయ్య సంతకం పెట్టేవాడు కాదు.

పెట్టాడు. మొదటి భాగం కింద ఇద్దరం సంతకాలు చేశాం. మిగతా రెండు భాగాల కింద ఎవరిది వాళ్లే. తగాదా ఇంకా అలాగే ఉంది, లోక్ అదాలత్‌కు వెళ్లాలా, దావా వేయాలా అన్న మాటలు నడుస్తున్నాయి. లోక్ అదాలత్ అయితే కోర్టు ఫీజు ఉండదు, రాజీ కుదిరితే అది సివిల్ కోర్టు డిక్రీతో సమానం. ఎటు వెళ్లినా కాగితంలో ఏముందన్న దాని మీద ఇక మళ్లీ కొట్టుకోనవసరం లేదు.

వెళ్లాలనుకునేవారికి నాలుగు మాటలు. మూడు పేజీలకు 1,500 రూపాయలు తీసుకున్నారు, సగం అన్నయ్య ఇచ్చాడు. ఒక పక్షం వారే వెళితే రాయరని కాదు, రాస్తారు. కాని ‘రెండో పక్షం వారు రాలేదు’ అని మొదటి పేజీలోనే వేస్తారు, తీసేయమంటే తీయరు. ఫైలు ‘అను’ అనే పాత తెలుగు ఫాంట్లలో ఉంటుంది, అలాగే ఫోనులోకి పంపించుకుంటే పిచ్చి గుర్తులు కనిపిస్తాయి, పీడీఎఫ్ చేసి పంపమని అడగండి. ప్రింటు ఇంటికి తీసుకెళ్లే ముందు ‘ఆరోపించారు’, ‘వివరించారు’ ఎక్కడెక్కడ ఉన్నాయో అక్కడే కూర్చుని చూసుకోండి. పెళ్లిళ్ల ముహూర్తాల రోజుల్లో రిజిస్ట్రేషన్ల రద్దీ ఉంటుంది, ఆయన మీ వైపు తలెత్తి కూడా చూడరు. మూఢంలో గాని ఆషాఢంలో గాని వెళ్లండి. ఫోనులో డబ్బు పంపే ఏర్పాటు లేదు, నోట్లు తీసుకెళ్లాలి.